నేపథ్యంలో చప్పుళ్లు



కిందటి ఉత్తరానికి జవాబు రాసినవాళ్లలో ఒకరు నన్నొక ప్రశ్న అడిగారు. ఏడిపించే రచయితకి మొదటి బంతిలో విస్తరి వేసి, నవ్వించే రచయితని ఎప్పుడూ రెండో బంతి దాకా ఎందుకు నిలబెడతాం అని. నెల రోజులుగా ఆ మాట నా వెంటే తిరుగుతోంది. వాదించి జవాబు చెప్పడం కన్నా ఒక మనిషి కథ చెబితే నయమనిపించింది. ఆయన పేరు మైకేల్ ఫ్రేన్. ఇంగ్లండు రచయిత. ఇరవయ్యో శతాబ్దంలో జనాన్ని కడుపుబ్బ నవ్వించిన ప్రహసనాల్లో పేరెన్నికగన్నది ఒకటి ఆయన రాశారు. అణుబాంబు నీడలో నడిచే ఒక గంభీరమైన నాటకమూ ఆయనే రాశారు. ఈ రెండూ ఒకే చేతి రాతలని మొదట తెలిసినప్పుడు నాకు నమ్మబుద్ధి కాలేదు. చదవగా చదవగా ఇప్పుడు నాకు ఆ రెండూ ఒకే నాటకంలా కనిపిస్తున్నాయి. అది చెప్పడానికే ఈ ఉత్తరం.

ముందు నా చిన్ననాటి సంగతి ఒకటి చెప్పాలి. మా మావయ్య ఊరి నాటకాలకి ప్రాంప్టరు. శ్రీరామనవమి పందిట్లో నాటకం ఉందంటే ఆయన పక్కతెర వెనక ఒక కొయ్యపెట్టె మీద కూర్చునేవాడు. ఒక చేతిలో టార్చిలైటు, ఒళ్లో పుస్తకం, చూపుడువేలు అక్షరాల కింద. ఆ పెట్టె చివర నాకు చోటు. ఒక రాత్రి నాయకుడి వేషం కట్టినాయన ఒక మాట దగ్గర తడబడి, సరిగ్గా అలాంటి మాటే ఉన్న మరో చోటికి, రెండు పేజీల అవతలికి, దూకేశాడు. మావయ్య వేలు ఆగిపోయింది. వెనక ఇంకా తలపాగా చుట్టుకోని మనిషి ఒకడు, తన ప్రవేశం ముంచుకొచ్చిందని తెలిసి నిలువునా బిగుసుకుపోయాడు. పందిట్లో కూర్చున్న వందల మందికి ఏమీ తెలియదు. హాయిగా చూస్తున్నారు. ఇవతల అరడజను మంది ప్రాణాలు ఉగ్గబట్టుకుని ఉన్నారు. మధ్యలో ఉన్నదల్లా ఒక గుడ్డ. ఆ రాత్రి సంగతి మళ్లీ చెబుతాను.

ఫ్రేన్‌కీ అలాంటి గుడ్డే ఒకటి తటస్థపడింది. 1970లో లండన్‌లోని గారిక్ థియేటర్లో ఆయన మొదటి నాటకాలు ఆడాయి. ‘ది టూ ఆఫ్ అజ్’ పేరుతో నాలుగు చిన్న నాటికలు. నటులు ఇద్దరే, లిన్ రెడ్‌గ్రేవ్, రిచర్డ్ బ్రయర్స్. చివరి నాటికలో ఆ ఇద్దరే అయిదు పాత్రలు వెయ్యాలి. ఒక తలుపులోంచి భర్తగా వెళ్లి, వెనక పరుగెత్తుతూనే చొక్కా మార్చుకుని, ఇంకో తలుపులోంచి అతిథిగా రావాలి. ఒక సాయంత్రం ఫ్రేన్ దాన్ని ప్రేక్షకుల మధ్య కాక, పక్కనుంచి చూశారు. ముందు జరుగుతున్న నాటకం కన్నా వెనక జరుగుతున్న ఉరుకులాటే ఎక్కువ నవ్వు తెప్పిస్తోందనీ, ఏనాటికైనా వెనకనుంచి ఒక ప్రహసనం రాయాలనీ ఆయనకు అప్పుడే తట్టింది. తట్టిన ఆలోచన నిండు నాటకంగా రంగస్థలం ఎక్కడానికి పన్నెండేళ్లు పట్టింది.

ఆ పన్నెండేళ్ల వెనక ఉన్న మనిషిని కొంచెం చూద్దాం. ఫ్రేన్ 1933 సెప్టెంబరు 8న లండన్ ఉత్తరపు అంచున మిల్ హిల్‌లో పుట్టారు. పెరిగింది నగరానికి దక్షిణాన యూవెల్‌లో. తండ్రి ఆస్‌బెస్టాస్ అమ్మే సేల్స్‌మన్. మన దగ్గర కప్పుకి వేస్తామే రేకులు, ఆ సరుకే. ఆయనకు చెవుడు. ఆ ఇంట్లో అది తరాల నుంచి వస్తున్నదే. అవతలివాడి మాట సరిగా వినపడని మనిషి మాటకారితనంతో సరుకమ్మి ఇల్లు నడిపాడు. ఈ ఒక్క విషయం నన్ను చాలాసేపు ఆపేసింది. ఎదుటివాడు అన్నది ఒకటి, మనకు వినపడింది ఒకటి, వినపడినట్టు నటించి చెప్పిన జవాబు మరొకటి. ప్రహసనానికి కావలసిన ముడిసరుకంతా ఆ ఇంటి భోజనాల బల్ల దగ్గరే ఉంది. తల్లి వయొలిన్ నేర్చుకున్న మనిషి. ఫ్రేన్ పన్నెండేళ్లవాడుగా ఉన్నప్పుడు, 1945లో, ఆమె హఠాత్తుగా పోయింది. మామూలుగా నడుస్తున్న ఇల్లు ఒక్క పూటలో తలకిందులైంది. ఆరున్నర దశాబ్దాల తర్వాత, 2010లో, తండ్రి గురించి ఆయనొక పుస్తకం రాశారు. పేరు ‘మై ఫాదర్స్ ఫార్చ్యూన్’. ఆ చివరి మాటకు డబ్బు అనీ అర్థం ఉంది, అదృష్టం అనీ అర్థం ఉంది. మన ‘భాగ్యం’ ఆ రెంటినీ చక్కగా మోస్తుంది. ఆస్తిపాస్తులేమీ పెద్దగా మిగల్చని తండ్రి నుంచి తనకు దక్కిన భాగ్యమేమిటో కొడుకు ముసలితనంలో లెక్క చూసుకున్న పుస్తకమది. నవ్విస్తూ నవ్విస్తూనే, తల్లి పోయిన పేజీల దగ్గర గొంతు పట్టుకుంటుంది.

బడి చదువయ్యాక అప్పటి చట్టం ప్రకారం సైన్యంలో రెండేళ్లు పనిచెయ్యాలి. ప్రచ్ఛన్న యుద్ధం రోజులు కాబట్టి తెలివైన కుర్రాళ్లను ఏరి సైన్యం రష్యన్ నేర్పించేది. ఆ తరగతుల్లో ఫ్రేన్‌తో పాటు, తర్వాత తనూ పెద్ద నాటక రచయిత అయిన అలన్ బెన్నెట్ కూడా ఉన్నారు. ఇద్దరు నవ్వుల రచయితలకు ఒకే చోట రష్యన్ నేర్పిన పుణ్యం సైన్యానిది. ఈ రష్యన్ గురించి మళ్లీ వస్తాను. తర్వాత కేంబ్రిడ్జిలో ఎమాన్యుయెల్ కాలేజీలో తత్త్వశాస్త్రం. మనం ప్రపంచాన్ని చూస్తున్నామా, లేక మనం చూసిన తీరునే ప్రపంచం అనుకుంటున్నామా అన్న ప్రశ్న ఆయనకు అక్కడ అంటుకుంది. ఆఖరి ఏడు విద్యార్థుల ఫుట్‌లైట్స్ క్లబ్బుకి ఒక హాస్య ప్రదర్శన చాలావరకు తనే రాశారు. అది పండలేదు. ఆ దెబ్బతో నాటకమంటేనే ముఖం తిప్పుకున్నారు. పత్రికల్లో చేరాక నాటకాల మీద వేళాకోళం కూడా రాశారు. రంగం మీద ఎవరైనా మాట మరిచిపోతారేమోనని ప్రేక్షకుడు పడే ఇబ్బందే నాటకం చూడటమంటే, అన్న ధోరణిలో. చూశారా, పారిపోతున్నవాడి సంచిలోనే ఆ భయం ఉంది. తర్వాత దాంతోనే ఆయన అంత గొప్ప నాటకం కట్టారు.

1957లో మాంచెస్టర్ గార్డియన్ పత్రికలో విలేకరిగా చేరారు. రెండేళ్లకి వారానికి మూడుసార్లు హాస్య శీర్షిక రాసే పని మీద పడింది. 1962 నుంచి అబ్జర్వర్‌లో. ఆ శీర్షికల్లో ఆయన పుట్టించిన మనుషుల్లో ఒకడు క్రిస్టఫర్ స్మూద్ అనే మంత్రిగారు. ఆయన శాఖ పేరు అవకాశాలు, ఊహాగానాల శాఖ. పేరు వింటేనే శాఖ పనితీరు తెలిసిపోతుంది. వారానికి మూడుసార్లు గడువులోగా నవ్వించడమంటే మాటలు కాదు. పత్రికల్లో పనిచేసిన వాళ్లెవరినైనా అడగండి. మాటకు మాట తూచడం, అనవసరమైనది తీసేయడం ఆయనకు అక్కడే చేతికొచ్చాయి. ఆ పత్రికాఫీసు బతుకు మీదే 1967లో ‘టువర్డ్స్ ది ఎండ్ ఆఫ్ ది మార్నింగ్’ అనే నవల రాశారు. గళ్లనుడికట్లూ చిల్లర శీర్షికలూ చూసే ఒక మారుమూల విభాగం అందులో కథాస్థలం. లండన్ పత్రికల వీధి మీద వచ్చిన హాస్య నవలల్లో దాన్ని ఇప్పటికీ పైవరసలో పెడతారు.

నాటక రచయితగా ఆయన నిలదొక్కుకున్నది 1975లో, ‘ఆల్ఫబెటికల్ ఆర్డర్’తో. పేరుకి అక్షరక్రమం అని అర్థం. జరిగేది ఒక పత్రిక పాత కత్తిరింపులు దాచే గదిలో. బీరువాల నిండా కాగితాలు, ఏది ఎక్కడుందో ఎవరికీ తెలియదు, కానీ మనుషుల మధ్య ప్రాణం ఉంది. కొత్తగా ఒక చురుకైన అమ్మాయి వచ్చి అన్నీ వరసలో సర్దుతుంది. గది అద్దంలా తయారవుతుంది. ఈలోగా పత్రికే మూతపడుతుంది. నాకిది ఫ్రేన్ మొత్తం రచనకి తాళంచెవిలా అనిపిస్తుంది. మనిషి తన చుట్టూ వరస కట్టుకోకుండా ఉండలేడు. కట్టుకున్న వరస నిలవదు. అందులో ఎవరినీ దోషిగా నిలబెట్టరాయన. సర్దిన అమ్మాయి చెడ్డది కాదు, చిందరవందరగా బతికిన వాళ్లు మూర్ఖులూ కారు. మన భాషలో ప్రహసనమంటే కందుకూరి, చిలకమర్తి గుర్తొస్తారు. వాళ్ల ప్రహసనాల్లో దురాచారం అనే గురి ఒకటుంటుంది, నవ్వు బాణంలా దాని మీదికి పోతుంది. ఆ రోజులకు ఆ బాణం కావాలి. ఫ్రేన్ ప్రహసనంలో బాగుచెయ్యవలసిన వాడంటూ వేరే లేడు. మెట్టు మీద కాలు జారబోతున్న మనిషి ఉన్నాడు, అంతే. ఆ జారబోయేవాడు మనమే అని తెలిసినందుకు నవ్వొస్తుంది.

ఇక అసలు నాటకం. పేరు ‘నాయిజెస్ ఆఫ్’. ఇంగ్లీషు నాటకాల్లో రంగం వెలుపల చప్పుడు వినిపించాలన్న చోట రచయిత రాసే సూచన అది. మన అచ్చు నాటకాల్లో ‘నేపథ్యంలో’ అని కుండలీకరణాల్లో ఉండేదే. నేపథ్యం అంటే మొదట తెర వెనక వేషాలు కట్టుకునే చోటు. ఇప్పుడు మనం నేపథ్య సంగీతం, రాజకీయ నేపథ్యం అని దేనికి పడితే దానికి వాడి ఆ చోటుని మరిచిపోయాం. ఫ్రేన్ మనల్ని మళ్లీ అక్కడికే తీసుకెళ్తారు.

ముందు 1977లో ఒక ధర్మార్థ ప్రదర్శన కోసం ‘ఎగ్జిట్స్’ అనే చిన్న నాటిక రాశారు. నిర్మాత మైకేల్ కోడ్రన్ దాన్ని పెంచి నిండు నాటకం చెయ్యమన్నారు. అలా 1982 ఫిబ్రవరిలో లండన్ హామర్‌స్మిత్‌లోని లిరిక్ థియేటర్లో ‘నాయిజెస్ ఆఫ్’ మొదలైంది. దర్శకుడు ఆస్ట్రేలియాలో పుట్టిన మైకేల్ బ్లేక్‌మోర్. అక్కణ్నుంచి సవాయ్ థియేటర్‌కి మారి, నటవర్గాలు మారుతూ 1987 దాకా ఆడింది. 1983లో న్యూయార్క్ చేరి 553 ప్రదర్శనలు చూసింది.

కథ చెబితే నవ్వు రాదు, నిర్మాణం చెబితే వస్తుంది. ఒక సంచార నాటక బృందం ‘నథింగ్ ఆన్’ అనే నాసిరకం ప్రహసనం ఆడుతూ ఇంగ్లండు చిన్న ఊళ్లన్నీ తిరుగుతోంది. నిండా తలుపులున్న ఇల్లు. ఒక పనిమనిషి, ఒక పళ్లెం సార్డీన్ చేపలు, ఒక ఫోను. యజమానులు ఊళ్లో లేరనుకుని ఒక జంట వస్తుంది, అప్పుడే యజమానులూ దొంగచాటుగా వస్తారు, దొంగ కూడా వస్తాడు. ఒకరు ఒక తలుపులోంచి వెళ్తుండగా ఇంకొకరు ఇంకో తలుపులోంచి రావాలి. అరక్షణం అటూ ఇటూ అయితే నాటకం లేదు.

ఫ్రేన్ ఈ నాసి నాటకం మొదటి అంకాన్నే మూడుసార్లు చూపిస్తారు. మొదటిసారి, రేపు ప్రదర్శన అనగా అర్ధరాత్రి జరిగే ఆఖరి రిహార్సల్. తలుపులు మూసుకోవు, పళ్లెం ఎప్పుడు తీసుకెళ్లాలో పనిమనిషి వేషం కట్టిన నటికి గుర్తుండదు, హాల్లో చీకట్లో కూర్చున్న దర్శకుడి ఓపిక తరుగుతూ ఉంటుంది. చూస్తున్న మనం నవ్వుతూనే, తెలియకుండా పాఠం నేర్చేసుకుంటాం. ఏ మాట తర్వాత ఎవరు ఏ తలుపులోంచి రావాలో మనకు కంఠతా వచ్చేస్తుంది.

రెండోసారి, నెల తర్వాత, సెట్టు మొత్తం వెనక్కి తిరిగి ఉంటుంది. ఇప్పుడు మనం ఉన్నది తెర వెనక. అవతల అదే అంకం ఆడుతోంది, మాటలు గోడ అవతలి నుంచి వినిపిస్తుంటాయి. ఇవతల నటుల మధ్య ప్రేమలు చెడి, అసూయలు రగిలి, ఒకరినొకరు చంపుకునేదాకా వచ్చారు. కానీ గొంతెత్తకూడదు. అవతల ప్రేక్షకులున్నారు. అందుకే కొట్లాటంతా మూగగా నడుస్తుంది. ఒకామె తన ప్రియుడి రెండు బూట్ల తాళ్లనూ కలిపి ముడివేస్తుంది, ఒకరు గొడ్డలెత్తుతారు, తాగుబోతు ముసలి నటుడి చేతికి విస్కీ సీసా అందకుండా మిగతావాళ్లు చేతులు మారుస్తుంటారు. గొడ్డలెత్తిన మనిషి తన వంతు మాట వినపడగానే ఆయుధం పక్కవాడి చేతిలో పెట్టి, తలుపు తెరుచుకుని, చిరునవ్వుతో రంగం మీదికి పోవాలి. మొదటి అంకంలో మనకు పాఠం ఎందుకు చెప్పారో అప్పుడు తెలుస్తుంది. ఎవరి ప్రవేశం ఎప్పుడో మనకు తెలుసు కాబట్టి, ఆ మనిషి సమయానికి తలుపు దగ్గర లేకపోతే ముందు మన గుండె జారుతుంది. మనందరినీ ప్రాంప్టర్లుగా మార్చి కూర్చోబెడతారాయన. మా మావయ్య పక్కన పెట్టె మీద కూర్చున్న పిల్లాణ్ని నేను ఆ అంకం చదువుతూ మళ్లీ అయ్యాను. అచ్చులో ఈ అంకాన్ని పక్కపక్కనే రెండు వరసలుగా ఇచ్చారు, ముందు జరిగేది ఒకటి, వెనక జరిగేది ఒకటి. చదవడానికి కష్టం. కళ్లు అటూ ఇటూ పరుగెత్తాలి. రాయడానికి ఎంత కష్టమో ఊహించండి. ప్రతి చేష్టా అవతలి మాట నిడివికి సరిపోవాలి.

మూడోసారి, యాత్ర చివర్లో, సెట్టు మళ్లీ మనవైపు తిరుగుతుంది. ఇక అంతా కూలిపోయింది. తలుపు పిడులు చేతికి ఊడొస్తాయి. ఒక దొంగ రావలసిన చోట ముగ్గురు దొంగలు ఒకేసారి వస్తారు, ముగ్గురూ అదే మాట అంటారు. ఒక యువనటి మాత్రం చుట్టూ ఏం కూలుతున్నా కంఠతా పట్టిన తన మాటలు వరసగా అప్పజెప్పుకుపోతుంటుంది. అడిగేవాడు లేకపోయినా జవాబు చెబుతుంది. ఆమెను చూసి నవ్వినంతగా నేను ఇంకెవరినీ చూసి నవ్వలేదు. ఆమెను చూసి పడినంత జాలీ ఇంకెవరి మీదా పడలేదు. ఇల్లు కూలుతున్నా రోజూ అనే మాటలే అనుకుంటూ తిరిగే మనుషులు మనకు తెలియరా?

ఈ మూడో అంకం రచయితను ముప్పుతిప్పలు పెట్టింది. కూలిపోవడాన్ని కూడా క్రమంగా కూల్చాలి కదా. రిహార్సళ్లలోనూ, ఆడటం మొదలైన తర్వాతా తిరగరాశారు. విజయం వచ్చాక కూడా వదల్లేదు. 2000లో నేషనల్ థియేటర్ మళ్లీ వేసినప్పుడు మరోసారి సవరించారు. ఆ అచ్చుకి రాసిన ముందుమాటలో ఒక సంగతి చెప్పారు. ప్రాగ్ నగరంలో ఈ నాటకాన్ని ఏళ్ల తరబడి మూడో అంకం లేకుండానే ఆడారట. తను వెళ్లి చూసేదాకా ఎవరూ గమనించలేదట. ఇంకో చిన్న విషయం. నాటకం చూడ్డానికి వచ్చినవాళ్లకిచ్చే కరపత్రంలో, లోపలి నాసి నాటకానికి కూడా విడిగా ఒక కరపత్రం ఉంటుంది. అందులో ఆ కల్పిత నటుల జీవిత విశేషాలు, ప్రహసనం మీద పండితుడి తీరులో ఒక వ్యాసం, అన్నీ ఫ్రేన్ రాసినవే. ఎవరూ చదవకపోయినా ఫరవాలేదన్నంత శ్రద్ధ. ఈ శ్రద్ధకి ఏ బంతిలో విస్తరి వేద్దాం?

1992లో ఈ నాటకం పీటర్ బొగ్డనోవిచ్ దర్శకత్వంలో సినిమా అయింది. మైకేల్ కెయిన్, కారల్ బర్నెట్ లాంటి వాళ్లున్నా నాటకం ఎక్కినంత ఎక్కలేదు. ఆ చిత్రానువాదం ఫ్రేన్‌ది కాదు. నా అభిప్రాయమేమిటంటే సినిమాలో తప్పు జరిగితే మళ్లీ తీస్తారని మనకు తెలుసు. పక్కతెర భయం అక్కడ ఉండదు.

ఫ్రేన్ తనే సినిమాకని రాసినది ‘క్లాక్‌వైజ్’, 1986లో వచ్చింది. జాన్ క్లీజ్ అందులో బ్రయన్ స్టింప్సన్ అనే హెడ్మాస్టరు. ఆయనకు గడియారమే దేవుడు. బడి పేరు కూడా థామస్ టాంపియన్ బడి, ఆ పేరు పాతకాలపు ప్రసిద్ధ గడియారాల పనివాడిది. గది కిటికీలోంచి బైనాక్యులర్స్‌తో చూస్తూ, ఆలస్యంగా వచ్చిన పిల్లల్ని మైకులో పేరుపెట్టి పిలుస్తాడు. పెద్దింటి పిల్లలు చదివే బడుల హెడ్మాస్టర్ల సంఘానికి, మామూలు సర్కారు బడి నుంచి మొదటిసారి అధ్యక్షుడయ్యాడు. నార్విచ్ వెళ్లి ఉపన్యాసం ఇవ్వాలి. ఆయనకు ప్రతిదానికీ ‘రైట్’ అనడం అలవాటు. మన కండక్టర్లూ మనమూ అంటామే, ఆ ‘రైట్’. స్టేషన్లో రైలు ఎడమవైపు అని చెబితే ‘రైట్’ అన్నాడు, కుడివైపు నడిచాడు. వేరే రైలెక్కాడు. కంగారులో దిగేసరికి ఉపన్యాసం రైల్లో వెళ్లిపోయింది. ఊతపదం ఒక్కటి చాలు, మనిషి కట్టుకున్న కోట కూలడానికి. అక్కణ్నుంచి తన బడిలో చదివే అమ్మాయి నడిపే కారులో ప్రయాణం, వెనక ఆమె తల్లిదండ్రులు, తన భార్య, పోలీసులు. క్లీజ్ నటన గురించి అందరూ చెబుతారు. నేను మీ దృష్టికి తేవాలనుకునేది రాత. ఏ ఒక్క ప్రమాదమూ ఆకాశం నుంచి ఊడిపడదు. ప్రతి తప్పూ అంతకు ముందటి తప్పుని సరిదిద్దబోయి చేసినదే. క్రమశిక్షణే ఆయన్ని గోతిలోకి దింపుతుంది. చివరికి చినిగిన బట్టలతో సభకు చేరి, వచ్చిన పెద్ద పెద్ద హెడ్మాస్టర్లందర్నీ బడిపిల్లల్లా లేపి నిలబెడతాడు. అక్కడ నవ్వుతూనే నాకు కళ్లు చెమర్చాయి.

టీవీకి రాసిన ‘ఫస్ట్ అండ్ లాస్ట్’, 1989లో ప్రసారమైంది, నాకు ఇంకా ఇష్టం. రిటైరైన ఒక మనిషి ఇంగ్లండు నైరుతి కొస నుంచి స్కాట్లండు ఉత్తరపు కొస దాకా నడిచిపోవాలని బయల్దేరతాడు. అంతే కథ. దీనికి అంతర్జాతీయ ఎమ్మీ అవార్డు వచ్చింది.

ఇప్పుడు రష్యన్ సంగతి. సైన్యంలో నేర్చిన ఆ భాషతో ఫ్రేన్ చెహోవ్ నాటకాల్ని నేరుగా మూలం నుంచి ఇంగ్లీషు చేశారు. 1978లో నేషనల్ థియేటర్ కోసం ‘ది చెర్రీ ఆర్చర్డ్’తో మొదలుపెట్టి చెహోవ్ పెద్ద నాటకాలన్నీ. చెహోవ్ ఆ నాటకాన్ని కామెడీ అన్నారు. మొదటిసారి దర్శకత్వం వహించిన స్తానిస్లావ్‌స్కీ దాన్ని విషాదంగా నడిపారు. రెండో బంతి తగాదా అప్పటినుంచే ఉందన్నమాట. ఎస్టేటు వేలానికి పోతుంటే బిలియర్డ్స్ మాటలు మాట్లాడుకునే ఆ మనుషుల దగ్గర నవ్వూ దుఃఖమూ విడివిడిగా దొరకవని ఫ్రేన్ అనువాదాలు చదివితే చెవికి తెలుస్తుంది. ఆయన చెహోవ్ చిన్న రచనలతో ‘ది స్నీజ్’ అనే ప్రదర్శన కూర్చారు. 1988లో అందులో నటించిన వారిలో రోవన్ అట్కిన్సన్ ఒకరు. మిస్టర్ బీన్‌గా మనకు తెలిసిన ఆయనే.

చెప్పకుండా దాటేయకూడని సంగతి ఒకటి. 1990లో ‘లుక్ లుక్’ అని ఒక నాటకం రాశారు. ‘నాయిజెస్ ఆఫ్’ తెర వెనక చూపిస్తే ఇది ప్రేక్షకుల్ని చూపిస్తుంది. కొద్ది వారాల్లోనే ఎత్తేశారు. అప్పటికి ఆయనకు యాభై ఆరేళ్లు. చాలామంది ఆ దెబ్బకి కలం పక్కన పెడతారు. ఆయన ఎనిమిదేళ్ల తర్వాత ‘కోపెన్‌హేగన్’తో వచ్చారు.

1941 సెప్టెంబరు. నాజీ జర్మనీ ఆక్రమించిన డెన్మార్క్‌కి జర్మన్ భౌతిక శాస్త్రవేత్త హైజెన్‌బర్గ్ వచ్చి, తన గురువులాంటి నీల్స్ బోర్‌ని కలిశాడు. ఇద్దరి మధ్యా ఏదో మాట నడిచింది, బోర్‌కి కోపం వచ్చింది, స్నేహం చెడింది. అణుబాంబు గురించి హైజెన్‌బర్గ్ ఏం అడగడానికి వచ్చాడు? హెచ్చరించడానికా, కూపీ లాగడానికా, క్షమాపణకా? యుద్ధం తర్వాత ఇద్దరి జ్ఞాపకాలూ కలవలేదు. ఫ్రేన్ నాటకంలో మూడే పాత్రలు. బోర్, ఆయన భార్య మార్గరెథా, హైజెన్‌బర్గ్. ముగ్గురూ చనిపోయిన తర్వాత కూర్చుని ఆ సాయంత్రాన్ని మళ్లీ ఆడి చూస్తారు. కుదరదు. ఇంకోసారి. అదీ కుదరదు. మరోసారి. కణం ఎక్కడుందో, ఎంత వేగంతో పోతోందో ఒకేసారి కచ్చితంగా చెప్పలేమన్న సిద్ధాంతాన్ని 1927లో చెప్పిన మనిషి, తను ఆ గుమ్మం ఎందుకు ఎక్కాడో తనే చెప్పలేకపోతాడు.

గుర్తొచ్చిందా? ఒకే అంకాన్ని మూడుసార్లు ఆడటం. తలుపు తెరుచుకుని ఒక మనిషి లోపలికి రావడం. ముందునుంచి చూస్తే ఒకటి, వెనకనుంచి చూస్తే ఒకటి, రెండూ కలిపి చూద్దామంటే కుర్చీ వేసుకోవడానికి చోటు లేకపోవడం. సార్డీన్ చేపల పళ్లెం తీసేసి అక్కడ అణుబాంబు పెట్టారు, మిగతా పనితనమంతా అదే. రెంటినీ రంగం మీద నడిపించిన దర్శకుడు కూడా ఒకరే, బ్లేక్‌మోర్. నటుల అడుగులు లెక్కపెట్టి ప్రహసనం నడిపిన మనిషే ఈ ముగ్గురినీ కణాల్లా ఒకరి చుట్టూ ఒకరిని తిప్పాడు. 2000లో ఈ నాటకానికి టోనీ అవార్డు వచ్చింది, బ్లేక్‌మోర్‌కీ వచ్చింది.

నాటకం మీద చరిత్రకారుల్లో పెద్ద వాదన లేచింది. హైజెన్‌బర్గ్ మీద ఫ్రేన్ మరీ దయ చూపించారన్నారు కొందరు. బోర్ హైజెన్‌బర్గ్‌కి రాసి, పంపకుండా ఉంచేసిన చిత్తు ఉత్తరాలున్నాయి. 2012 దాకా తెరవకూడదనుకున్న వాటిని, ఈ వాదన కారణంగా, పదేళ్లు ముందే 2002లో బయటపెట్టారు. ఒక నాటకం చరిత్ర బీరువా తాళం తీయించింది. ఆ ఉత్తరాల్లోనూ బోర్ అదే సాయంత్రాన్ని మళ్లీ మళ్లీ రాయబోయి ఆపేశారు. అది చదివినప్పుడు నేను చాలాసేపు పుస్తకం మూసి కూర్చున్నాను.

మీలో ఇంగ్లీషు చదవగలిగినవాళ్లు ‘నాయిజెస్ ఆఫ్’ చదవండి. కాలేజీల్లో నాటకాలు వేయించే మాస్టార్లూ టీచర్లూ దాన్ని ఒక్కసారి చేతిలోకి తీసుకోండి. రెండో అంకం ఒంటరిగా చదవకండి. ముగ్గురు నలుగురు కూర్చుని, కొందరు ముందు భాగం పైకి చదువుతుంటే మిగతావాళ్లు వెనక భాగం చేసి చూడండి. సినిమా చూసే ఓపికే ఉందంటే ‘క్లాక్‌వైజ్’ చూడండి. తెర వెనక కూర్చున్న అనుభవం ఉన్నవాళ్లు, సురభిలో కానివ్వండి, పరిషత్తుల్లో కానివ్వండి, బడి వార్షికోత్సవంలో కానివ్వండి, నాకు రాయండి. ఎవరు ఏ మాట మరిచిపోయారు, మీరేం చేశారు. వచ్చే ఉత్తరం నిండా అవే ఉండాలని నా ఆశ.

మా మావయ్య ఏం చేశాడో చెప్పలేదు కదూ. ఆయన నాయకుడికి మాట అందివ్వలేదు. అందించినా ఆ హడావిడిలో వినిపించుకునే స్థితిలో లేడాయన. హార్మోనిస్టు వైపు టార్చిలైటు రెండుసార్లు కొట్టాడు. హార్మోనిస్టుకి అర్థమైంది. శ్రుతి ఎత్తుకున్నాడు. శ్రుతి వినపడగానే నాయకుడు అలవాటుకొద్దీ పద్యం అందుకున్నాడు. రాగం సాగినంతసేపట్లో వెనక తలపాగా చుట్టడం అయింది, ఆ మనిషి సమయానికి లోపలికెళ్లాడు. పద్యానికి పందిట్లో వన్స్‌మోర్‌లు పడ్డాయి. తెల్లవారుజామున ఇంటికొచ్చి మంచినీళ్లు తాగుతుంటే మావయ్య చేతిలో చెంబు పళ్లకి తగిలి టకటకమని చప్పుడు చేసింది. అత్తయ్య నిద్రలోంచి లేచి, నాటకం బాగా జరిగిందా అని అడిగింది. బాగా జరిగిందన్నాడు.

ఉంటాను.

మీ స్నేహితుడు